వంటగట్టు మీద బెత్తెడు తగాదా

పెళ్లిలో పీట మీద కూచోబెట్టినప్పుడు, పీటతో నా సంబంధం ఆ పూటతో సరి అనుకున్నాను. కాపురానికి వచ్చిన మర్నాటి నుంచి పీట మీద నిలబడ్డాను. మా అత్త వంటగట్టు ఎత్తు అలాంటిది మరి.

నల్లటి రాతి పలక, దాని కింద చెక్క అల్మారా, పలక మీద పొయ్యి. ఆ పలక మా అత్తకి సరిగ్గా నడుం దగ్గరికి వచ్చేది. నాకు పక్కటెముకల దాకా వచ్చేది. ఆవిడ పొడుగు మనిషి. టాటానగర్ దగ్గర బిర్సానగర్‌లో మా సందులో ఎవరింటి చూరు మీద కాకి వాలినా మా అత్త మడమలు ఎత్తకుండానే అదిలించేస్తుందని నేను అంటే, "కాకి సంగతి తరవాత, ముందు నిన్ను అదిలిత్తాను" అనేది. నేనేమో బారిడీహ్‌లో పుట్టి పెరిగి, ఎనిమిదో తరగతిలో చదువూ పొడుగూ ఒకేసారి ఆపేసినదాన్ని. రెండింటికీ మళ్లీ ప్రయత్నం చేయలేదు.

ఎనభైల మొదట్లో మాట ఇది. మా సందులోకి గ్యాసు పొయ్యిలు ఒకటీ అరా వస్తున్నాయి. కుక్కరు ఇంకా రాలేదు. అందుచేత అన్నానికి గంజి వార్చాలి. ఇప్పటి పిల్లలకి చెబితే నవ్వుతారు గాని, కుతకుతలాడే గిన్నె మీద మూత పెట్టి, గుడ్డతో రెండు పక్కలా పట్టుకుని, గట్టు అంచుకి తెచ్చి వంచి, కింద పెట్టిన బకెట్లోకి గంజి దింపడం అంటే నేల మీద నిలబడ్డవాళ్లకే ఒక విద్య. నేను పీట మీద నిలబడి చేసేదాన్ని. సర్కస్‌లో అయితే దీనికి చప్పట్లు కొడతారు. ఒకరోజు పీట ఒక పక్కకి ఒరిగింది. గిన్నె పడలేదు, నేనూ పడలేదు, గంజి మాత్రం నా ఎడమ ముంజేతి మీదుగా దారి చేసుకుని పోయింది.

మా అత్త పరిగెత్తుకొచ్చి చెయ్యి నీళ్లలో ముంచి, బంగాళాదుంప కోరి పట్టు వేసింది. వేస్తున్నంతసేపూ తిడుతూనే ఉంది. తిట్టింది నన్ను కాదు, మా అమ్మని.

"మీయమ్మ ఇంకో బెత్తెడు పెంచి పంపితే ఏటి పోయేదట?"

"పెంచే లోపల మీరే తొందరపడి సంబంధానికి వచ్చేసినారు అత్తా."

"నోరు మాత్రం నిలువెత్తు పెంచినాది."

ఆ తరవాత గంజి వార్చే వేళకి ఆవిడ ఎక్కడున్నా వచ్చి గిన్నె లాక్కునేది. పక్కింట్లో కబుర్లలో ఉన్నా వాసన పట్టి వచ్చేది. అది బాగానే ఉంది గాని, ఆవిడ ఊళ్లో లేని రోజున నేను ఆ గిన్నె ముందు నిలబడి దేవుళ్లందరినీ పేరుపేరునా పలకరించేదాన్ని.  అంచేత నాకు కావలసింది ఒక్కటే. ఆ గట్టు ఒక్క బెత్తెడు కిందికి దిగాలి. నగలు అడగలేదు, చీరలు అడగలేదు. నాలుగు వేళ్ల వెడల్పు అడిగాను.

అత్తకి ఆ నాలుగు వేళ్లే ప్రాణం. ఎందుకంటే ఆ రాయి ఉత్త రాయి కాదు. మా మామ టాటానగర్ రైల్వేలో గూడ్స్ షెడ్డులో పని చేసేవాడు. ఎవరో కాంట్రాక్టరు ఏదో ఆఫీసు కోసం కడప రాయి తెప్పించాడట. మూల కొంచెం చెక్కుకుపోయిన పలక ఒకటి పనికిరాదని పక్కన పడేసి వెళ్లిపోతుంటే మామ అడిగి తెచ్చుకున్నాడు. ఠేలా బండి మీద నిలువుగా నిలబెట్టి, తాళ్లు కట్టి, టాటానగర్ నుంచి మా ఇంటి దాకా నడిపించుకొచ్చారు. దారంతా మా అత్త దాని పక్కనే చెయ్యి ఆనించి నడిచింది. పెళ్లి ఊరేగింపులో కూడా తను అంత ఠీవిగా నడవలేదని చెప్పేది. వడ్రంగిని పిలిచి, అత్తని నిలబెట్టి, మోచెయ్యి మడిపించి, ఆ ఎత్తుకి అల్మారా కట్టించి పైన రాయి వేశారు. అప్పటికి సందులో ఆడవాళ్లందరూ బొగ్గుల పొయ్యి ముందు గొంతుకూచుని కళ్లు నులుముకుంటున్నారు. నిలబడి వండిన మొదటి ఆడది మా అత్త. చూడ్డానికి జనం వచ్చేవారట. మామ పోయాక ఆ రాయి ఆవిడకి ఆస్తీ అదే, హోదా అదే. నేను వచ్చేసరికి ఆ రాజ్యం అంతా ఆ ఎత్తులోనే నడుస్తోంది.

ఒక వానాకాలం, పప్పు డబ్బా కోసం అల్మారా తలుపు లాగాను. తలుపు తెరుచుకోలేదు. తలుపే నాతో వచ్చేసింది. చెయ్యి వదిలితే కింద పడి పొడైపోయింది. లోపల చూస్తే డబ్బాల వెనక గోడ పొడుగునా చెదలు దర్జాగా మట్టి రోడ్లు వేసుకున్నాయి. మా సందుకి లేని రోడ్డు మా అల్మారాలో ఉంది.

మా ఆయన వంగి చూశాడు. ఆయన ఉక్కు కర్మాగారంలో ఖలాసీ. అంటే బరువైన యంత్రాలు కట్టి, ఎత్తి, పక్కకి జరిపే గ్యాంగులో మనిషి. ఆయనకి లోకంలో ఏ జబ్బుకైనా మందు ఇనుమే. పాత ఇనుము అమ్మే కబాడీ దుకాణం ముందు నుంచి వెళ్తే నేను చీరల కొట్టు ముందు ఆగినట్టు ఆగేవాడు. మా ఇంట్లో బట్టలారేసే తీగ క్రేను తాడు, తలుపు మూసుకుపోకుండా పెట్టే అడ్డు ఒక పెద్ద బేరింగు.

"చెక్క వొద్దు. యాంగిల్ ఫ్రేమ్ కట్టి, రేకు తలుపులు పెట్టేత్తాను. రాయి అదే మళ్లీ వేసుకుందుము. చెదలు ఇనుము ఎలాగ తింటాయో సూద్దుము" అన్నాడు.

నా కళ్లలో దీపాలు వెలిగాయి.

"ఎలాగూ విప్పుతున్నావు కదా మావా, మళ్లీ పెట్టినప్పుడు ఒక్క బెత్తెడు దింపీ" అని మా ఆయనకి నాలుగు వేళ్లు చూపించాను.

పక్క గదిలోంచి అత్త గొంతు వచ్చింది. "రాయి అదే. ఎత్తూ అదే."

ఆవిడకి మిగతా మాటలు వినపడాలంటే రెండుసార్లు చెప్పాలి. ఈ మాట మాత్రం గోడ దాటి వినబడింది.

"ఇవాళ బెత్తెడంతావు. రేపు ఇంకో బెత్తెడంతావు. ఎల్లుండికి నాను పాక్కుంటూ వొండాలేటి?"

"నానింక కుంచించుకుపోనులే అత్తా. నా కొలత ఖరారైపోనాది."

"నాకు నడుం వంగదే."

"నాకు చెయ్యి అందదు."

"పీటుంది కదేటి?"

"ఎన్నాళ్లు పీటెక్కమంటావు? నానేటి రోజూ పెళ్లికూతుర్నా?"

మా ఆయన ఇద్దరి మొహాలూ చూసి, చొక్కా వేసుకుంటూ, "ఠీక్ హై, దేఖేంగే" అన్నాడు. సరే, చూద్దాం అని. హిందీలోకి దిగాడంటే పారిపోతున్నాడని అర్థం. తల్లితో అదే మాట, నాతో అదే మాట. పెళ్లయిన మగవాడికి ఆ రెండు ముక్కల హిందీ చాలు.

కొలత తీసుకోవాలి కాబట్టి గోడ మీద గుర్తు పెట్టమన్నాడు. ఎవరు పెట్టాలో చెప్పలేదు. అత్త బొగ్గు ముక్కతో పాత ఎత్తు దగ్గర గీత గీసింది. నేను సుద్దముక్కతో దాని కింద బెత్తెడు దూరంలో గీశాను. మర్నాడు పొద్దున్న చూస్తే నా గీత మీద తడిగుడ్డ తిరిగింది. సాయంత్రానికి ఆవిడ గీత మీద పోపు చిందినట్టు పసుపు పడింది. నేను మళ్లీ గీశాను, ఆవిడ మళ్లీ గీసింది. ఆవిడ గీత కాస్త పైకి జరిగింది, నాది కాస్త కిందికి జరిగింది. పది రోజులు తిరక్కుండానే ఆ గోడ ఒకటో తరగతి పిల్లలు దిద్దుకునే రూళ్ల కాపీ పుస్తకంలా తయారైంది. మా ఆయన టేపు పట్టుకుని వచ్చి, ఆ గీతల ముందు చాలాసేపు నిలబడి, ఏదో కొలిచి, ఎవరికీ ఏమీ చెప్పకుండా వెళ్లిపోయాడు. ఫ్రేమ్ భాలుబాసాలో ఎవరో దోస్తు వెల్డింగ్ కొట్లో తయారవుతోందని మాత్రం తెలిసింది. ఏ గీతకి చేయిస్తున్నాడు అని అడిగితే ఠీక్ హై. కూర బాగుందా అని అడిగినా ఠీక్ హై.

ఆయనకి సెలవు దొరికిన రోజున గ్యాంగు దిగింది. మా ఆయన, ఇంకో ఇద్దరు, వాళ్లకి పైన ముకద్దం. ముకద్దం మా శ్రీకాకుళం వైపు మనిషే, మీసం పెద్దది, మెడలో విజిలు. వంటింట్లోకి విజిలు వేసుకుని వచ్చిన మగవాణ్ణి నేను అదే చూడడం. వాళ్ల వెంట చైన్ పుల్లీ, ఇనుప తాళ్ల స్లింగులు, గునపాలు.

"నలుగురు పట్టుకుంటే లేచిపోదేటి అన్నా, ఇంత సరంజామా ఎందుకు?" అన్నాను.

ముకద్దం నా వైపు జాలిగా చూశాడు. "చేతుల్తో లేపితే కూలీ పని అమ్మా. మనం ఖలాసీలం. పని అంటే పద్ధతుండాల."

మా అత్త గుమ్మం దగ్గర కుర్చీ వేసుకుని కూచుంది. "నువ్వు ఊరుకోయే. నా కొడుకు లోపల ఏనుగులంత మెషీన్లు లేపుతాడు. ఈ రాయొక లెక్కా?" అంది. ఆ మాట అనేటప్పుడు మొహం చూడాలి. కొడుకు ఎలా పని చేస్తాడో ఆవిడ ఎన్నడూ చూడలేదు. కర్మాగారం గేటు దాటి ఎవరు పోనిస్తారు? ఇన్నేళ్లకి ఆ పని ఆవిడ వంటింట్లోకే వచ్చింది.

మా వంటింటి కప్పుకి పాత ఇనుప దూలం ఒకటి ఉంది. దానికి పుల్లీ తగిలించారు. రాయి గోడలోకి దూరిన చోట ఉలితో సిమెంటు చెక్కారు. ఆ చెక్కడం మాత్రం చాలా ఓపిగ్గా చేశారని ఒప్పుకోవాలి. తరవాత రాయికి ఆ చివర ఒక స్లింగు, ఈ చివర ఒక స్లింగు వేసి, రెండూ పుల్లీ కొక్కేనికి తగిలించారు. మధ్యలో ఏమీ లేదు. ముకద్దం విజిలు ఊది చెయ్యి పైకి తిప్పాడు.

"హాపీజ్!"

ఖలాసీల భాషలో హాపీజ్ అంటే పైకి, ఆరియా అంటే కిందికి. మా ఆయన నిద్దట్లో కూడా ఈ రెండు మాటలే కలవరిస్తాడు. గొలుసు గరగరమంది. రాయి అల్మారా మీది నుంచి లేచింది. పడుకున్నది పడుకున్నట్టే, ఒక వెంట్రుక వాసి అటూ ఇటూ కాకుండా లేచింది.

"సూడండి, గిన్నెడు నీళ్లెట్టినా తొణకవు" అన్నాడు ముకద్దం.

అత్త నా వైపు తిరిగి కళ్లెగరేసింది. నేనూ ఒప్పేసుకున్నాను. నిజంగానే ముచ్చటగా ఉంది.

అప్పుడు టక్ మంది. పెద్ద చప్పుడు కూడా కాదు, ఎండుకొబ్బరి విరిచినట్టు. అంతవరకూ ఒకటిగా ఉన్న రాయి మధ్య నుంచి రెండై, కొసలు స్లింగుల్లో వేలాడుతూ కిందికి మడత పడింది.

"ఆరియా! ఆరియా! అరె ఆరియా బే!"

గొలుసు వదిలారు. రెండు ముక్కలూ వెళ్లి పాత అల్మారా మీద పడ్డాయి. చెదలు తిన్న ఆ చెక్క హుష్ మని పరుపులా కూలిపోయి వాటిని ఒళ్లో పట్టుకుంది. లేకపోతే రెండు ముక్కలు ఇరవై అయ్యేవి. చెదలకి నేను దండం పెట్టుకున్నది ఆ ఒక్కరోజే.

దుమ్ము తగ్గాక ఎవరూ ఎవరి మొహం చూడలేదు. విషయం ఏమిటంటే, ఈ నలుగురూ చిన్నప్పటి నుంచి ఇనుమే మోశారు. ఇనుప పలకని రెండు కొసలా కట్టి ఎత్తితే మధ్యలో కాస్త వంగి, దింపగానే మళ్లీ సాపు అవుతుంది. రాయికి వంగడం తెలీదు. దాన్ని అంచు మీద నిలబెట్టి మోయాలి. పడుకోబెట్టి రెండు చివర్లే పట్టుకుంటే తన బరువుకి తనే విరుగుతుంది. ఇది ఠేలా వాడికి తెలుసు, ఖలాసీకి తెలీదు.

ముకద్దం విరిగిన చోట వేలు పెట్టి, లోపల ముందే పగులు గీత ఉన్నట్టు చూపిస్తూ, "రాయిలోనే నస ఉన్నాదమ్మా" అన్నాడు.

"నస ఉందా?" అత్త కుర్చీలోంచి లేచింది. "ఇన్నేళ్లు దీని మీద రోకలి దెబ్బలేసినాను, కొబ్బరికాయలు కొట్టినాను. నస నేదు. నువ్వు విజిలూదగానే నస వచ్చీసిందేటి?"

ముకద్దం విజిలు చొక్కా లోపలికి తోసేశాడు.

అత్త ముక్కల దగ్గరికి వెళ్లి నేల మీద కూచుంది. ఆ వంటింట్లో ఆవిడ నేల మీద కూచోడం నేను అంతకు ముందు చూడలేదు. విరిగిన అంచు మీద అరచెయ్యి పెట్టింది. లోపలి రాయి పైరంగు కంటే బూడిదగా ఉంది.  నాకు ఒక భయం పట్టుకుంది. ఇప్పుడు ఈవిడ తలెత్తి, "నీ బెత్తెడు కోసమే ఇదంతా" అంటుందేమోనని. ఆ మాట ఒక్కసారి పడిందంటే ఆ ఇంట్లో నేను ఇంక ఎత్తు గురించి నోరెత్తలేను.

ఆవిడ అనలేదు. "ఆ ఠేలావోడు నిలబెట్టి తెచ్చినాడు" అంది నెమ్మదిగా. "నా చెయ్యి దాని మీదే ఉన్నాది. నాకు తెల్సు. నా కొడుకు పెద్ద పనోడు కదా, నాను సెప్పడమేటని ఊరుకున్నాను."

మా ఆయన చేతులు నలుపుకుంటూ వచ్చాడు. "అమ్మా, ఈ రాయి వొదిలీ. స్టీలు ప్లేటు వేసేత్తాను. చెకర్డ్ ప్లేటు, లారీ తొక్కినా ఏటీ అవదు."

గీతలు గీతలుగా ఉబ్బి, మెట్ల మీద కాలు జారకుండా వేస్తారే, ఆ ఇనుప పలక.

"దాని మీద రొట్టెలు వొత్తితే రొట్టె నిండా మీ కంపెనీ గీతలు పడతాయి. మీ ముకద్దానికి పెట్టు" అంది అత్త.

ముందు నేను నవ్వాను. తరవాత ముకద్దం నవ్వాడు. అత్త నవ్వలేదు గాని, కొంగుతో మొహం తుడుచుకుని లేచింది. "రాయి పారేడానికి నేదు. ముక్కలైతే ముక్కలే. ఫ్రేము తీసుకురండి" అంది.

బయట గోనెసంచి కప్పి ఉంచిన ఫ్రేమ్ లోపలికి వచ్చింది. నేనూ అత్తా ఒకేసారి ముందుకి వచ్చాం. ఇన్నాళ్ల రహస్యం కదా. గోడకి ఆనించి నిలబెట్టారు. అత్త దాని ముందు నిలబడి చేతులు చాపింది. కిందికి వంగాల్సి వచ్చింది. నాలో నేను చంకలు గుద్దుకున్నాను. తరవాత నేను వెళ్లి నిలబడ్డాను. మోచేతులు పైకి లేచిపోయాయి.

"ఇదెవరి కొలతరా?" అంది అత్త.

మా ఆయన గోడ వైపు చూస్తూ, "నీ గీతకీ, దీని గీతకీ మధ్యన" అన్నాడు.

"అంటే నాకు పీట తప్పదు, అత్తకి నడుం నొప్పి తప్పదు" అన్నాను. "ఇద్దరికీ సమానంగా న్యాయం చేసినావు మావా. పంచాయితీలో కూచోబెట్టాల్సినోడివి."

"బుర్రుందేటిరా నీకు?" అంది అత్త. "ఒకర్నైనా సుఖపెట్టుంటే పుణ్యం వొచ్చును."

"అదే కదత్తా నానూ అంటున్నది!"

మేమిద్దరం పక్కపక్కన నిలబడి ఒకే మనిషిని తిడుతున్నామని అప్పుడు గమనించాను. ఆ వంటింట్లో అలాంటి రోజు అంతకు ముందు లేదు. ఆ ఊపులో, ఉత్తినే నవ్వించడానికి అన్నాను. "రాయి ఎలాగూ రెండు చేసినారు. గట్టు కూడా రెండు చేసియ్యండి. అత్తకి అత్త ఎత్తు, నాకు నా ఎత్తు. మావకి వీధి అరుగు."

గ్యాంగు అంతా నవ్వింది. అత్త నవ్వలేదు. రాతి ముక్కల్ని చూసింది, ఫ్రేమ్‌ని చూసింది, గోడ మీది గీతల్ని చూసింది.

"కొయ్యి" అంది.

"అమ్మా, వెల్డింగంతా అయిపోనాది కదే."

"ఎల్డింగు చేయించింది నువ్వే కదరా. కొయ్యి."

రాయి దగ్గర పోయిన పరువు ఇనుము దగ్గర దొరుకుతుందనేసరికి గ్యాంగుకి ప్రాణం లేచొచ్చింది. రంపంతో ఫ్రేమ్‌ని రెండు చేశారు. ఒక దాని కాళ్లు కోశారు, రెండో దాని కాళ్లకి ముక్కలు అతికించడానికి మళ్లీ భాలుబాసా పరిగెత్తారు. సాయంత్రానికి రెండు ఫ్రేములు పక్కపక్కన నిలబడ్డాయి, తల్లీ పిల్లలా. ఈసారి రాతి ముక్కలు మోయించే బాధ్యత అత్త తీసుకుంది.

"నిలబెట్టండి. పడుకోబెట్టినోడి చెయ్యి విరిచేత్తాను. హాపీజ్! ఏయ్ మీసమూ, నిన్నే, హాపీజ్!"

ముకద్దం కిక్కురుమనకుండా రాయిని గుండెకి హత్తుకుని లేపాడు. లోపల కర్మాగారంలో ఆయన విజిలుకి వంద మంది ఆగుతారని మా ఆయన తరవాత చెప్పాడు.

విరిగిన అంచులు రెండూ చెరో గోడలోకి పంపేసి, పాత నున్నటి కొసలు మధ్యలోకి వచ్చేలా తిప్పి పెట్టారు. అందువల్ల చూసేవాళ్లకి విరిగిందని తెలీదు. మధ్యలో మాత్రం ఒక మెట్టు. రాయి సరిగ్గా సగానికి విరగలేదు. ఒక ముక్క పెద్దది, ఒకటి చిన్నది. నేను నోరు తెరిచే లోపే అత్త తేల్చేసింది. "పెద్దది కింద. చిన్నది మీద."

ఈ ధర్మం వెనక ఏదో ఉందని నాకు అనుమానం. ఎందుకంటే అసలు ప్రశ్న ఇంకా మిగిలే ఉంది. గట్లు రెండయ్యాయి గాని పొయ్యి ఒక్కటే. పొయ్యి ఎవరి వైపు ఉంటే వంటిల్లు వాళ్లది. పొయ్యి పైకి ఎక్కిందంటే నాకు ఇంత రాద్ధాంతం తరవాత దక్కేది కూరగాయలు తరుక్కునే చోటు, గంజి దగ్గర పాత భయం. ఆ మాట అడగాలని నాలుక చివరి దాకా వచ్చి ఆగేది. అడిగితే కాదంటుందేమోనని. సిమెంటు గట్టిపడే దాకా పెరట్లో బొగ్గుల పొయ్యి మీద వండుకున్నాం. ఆ నాలుగు రోజులూ ఇద్దరం నేల మీద కూచుని ఒకే ఎత్తులో ఉన్నాం. చుట్టుపక్కల ఆడవాళ్లు మాత్రం వచ్చి మెట్టు గట్టుని చూసి, "దో మంజిలా కిచన్!" అంటూ, రెండంతస్తుల వంటిల్లని బుగ్గలు నొక్కుకుని వెళ్లేవారు. అత్త వాళ్లకి ఎదురుగా, మొదటి నుంచీ ఇలాగే అనుకున్నామన్నట్టు నిలబడేది.

సిమెంటు ఆరిందని తట్టి చూసిన రోజు పొద్దున్న, నేను స్నానం చేసి వచ్చేసరికి మా అత్త గ్యాసు పొయ్యిని రెండు చేతులా ఎత్తి పట్టుకుని ఉంది. నేను గుమ్మంలోనే ఆగిపోయాను. ఆవిడ పై గట్టు ముందు ఒక క్షణం ఆగింది. చిన్న ముక్క అయినా పొయ్యికి సరిపోతుంది. తరవాత ఒక అడుగు పక్కకి వేసి, వంగి, కింది గట్టు మీద పెట్టింది. పెట్టి, గొట్టం సరి చేసి, నా చేతి మచ్చ వైపు చూడకుండా, "గంజోర్చీది కిందుంటేనే మంచిది. నాను మీద తరుక్కుంటాను" అంది.

  గిన్నె పెట్టాను. నేల మీద రెండు కాళ్లూ ఆనించి నిలబడ్డాను. గిన్నెలో అన్నం ఉడకడం పైనుంచి చూడడం ఆ ఇంట్లో నాకు అదే మొదలు. అంతవరకూ చెవితో వండేదాన్ని. మెతుకులు గిరగిరా తిరుగుతుంటే సినిమా చూసినట్టు చూశాను. గంజి వార్చాను. ఒక్క చుక్క కూడా బకెట్టు బయట పడలేదు. వెనక్కి తిరిగితే అత్త వంకాయలు తరగడం ఆపి చూస్తోంది. నేను చూడగానే మళ్లీ చాకు టకటకలాడించింది.

"బాగానే ఓర్సినావు" అంది.

"మీయబ్బాయి రాయి విరగ్గొట్టబట్టి అత్తా. లేపోతే ఎక్కడ?"

"ఆడి గొప్పేటి నేదు. రాయి మంచిది."

వంట అయింది. గట్టు తుడిచాను. కొంగు దోపు తీసి, ఇంక కాసేపు నడుం వాల్చుదామని కదిలాను.

"ఏటే, టీ పెట్టు" అంది అత్త.

మా ఇంట్లో రెండో టీ ఎప్పుడూ ఆవిడే పెట్టుకునేది. పొద్దుటి వంట నాది, సాయంత్రం వంట ఆవిడది, రొట్టెలు ఆవిడవి, చేపలు ఎప్పుడూ ఆవిడవే. నా చేతి చేపల పులుసుని ఆవిడ పులుసు అని ఒప్పుకునేది కాదు.

"పొయ్యి నీ పక్కనే ఉన్నాది కదత్తా. పెట్టుకో."

ఆవిడ పై గట్టు మీద మోచేతులు ఆనించి, హాయిగా, తన కొలతకి తాను కట్టించుకున్న చోట నిలబడి, కింది గట్టు వైపు చూసింది.

"నానెలాగ పెట్టుకుంటాను? వంగితే నడుం పట్టేత్తాది. పొయ్యి నీ ఎత్తుకి కావాలని గోడంతా గీసినావు కదా."

  ఆవిడ మొహంలో ఒక్క గీత కూడా కదల్లేదు.

"సాయంత్రం రొట్టెలు?" అన్నాను, చిన్న గొంతుతో.

"నువ్వే."

"చేపలు?"

"మసాలా నాను నూరి ఇత్తాను. ఇక్కణ్నుంచి సెప్తాను, నువ్వు కలుపు."

గిన్నెలో నీళ్లు పోసి పొయ్యి మీద పెట్టాను. పై గట్టు మీద నుంచి ఆవిడ అప్పుడే మొదలుపెట్టింది.

"అల్లం దంచి వెయ్యి, కోసి వెయ్యకు. పాలు ఇప్పుడే పొయ్యకు. మంట తగ్గించు. తగ్గించమన్నానే, ఆర్పీమన్నేదు."